‘ఓ మనావిస్’ తరహాలో మా అమ్మమ్మ ఊరిని పది రోజుల్లో తీయవచ్చా?

మీ ప్రశ్నను నాకు అర్థమైనంతలో మరోసారి చెబుతాను. గ్రీకు దర్శకుడు దిమిత్రిస్ కుత్సియాబసాకోస్ 2013లో తీసిన ‘ఓ మనావిస్’ (కూరగాయలమ్మేవాడు) అనే డాక్యుమెంటరీ చూశారు. అందులో కొండ ఊళ్ల ముసలివాళ్లు ఎదురుగా కెమెరా ఉన్నా తమ మానాన తాము కొనుక్కుంటూ, కబుర్లు చెప్పుకుంటూ ఉండటం మీకు ఆశ్చర్యం కలిగించింది. పోలవరం ముంపు ప్రాంతంలో ఉన్న మీ అమ్మమ్మగారి ఊరిని కూడా అదే పద్ధతిలో, వ్యాఖ్యానం లేకుండా, కుర్చీ వేసి కూర్చోబెట్టే ఇంటర్వ్యూలు లేకుండా, సంక్రాంతి సెలవుల్లో పది రోజులు ఉండి తీయాలనుకుంటున్నారు. అది సాధ్యమేనా, కెమెరాను మనుషులు మరిచిపోయేలా చేసే కిటుకు ఏమిటి, అమ్మమ్మగారిని కెమెరా వైపు చూడవద్దని ముందే చెప్పాలా అని అడిగారు.

సూటిగా చెప్పాలంటే, ఒకే విడతలో పది రోజులైతే సాధ్యం కాదు, అవే పది రోజులను నాలుగు విడతలు చేసుకుంటే సాధ్యమే. ఇక కిటుకు సంగతి. కెమెరాను ఎవరూ మరిచిపోరు. దానికంటే ముఖ్యమైన పని తమ చేతిలో ఉన్నంతసేపు దాన్ని లెక్కచేయరు, అంతే. కుత్సియాబసాకోస్ కనిపెట్టింది కెమెరాను దాచే ఉపాయం కాదు, అలాంటి పని జరిగే చోటు. అందుకే ఆయన సినిమాకు ఊరి పేరు కాకుండా కూరగాయలమ్మే మనిషి పేరు పెట్టుకున్నాడు.

చూడనివారి కోసం సినిమా సంగతి కొంత చెప్పాలి. గ్రీసు నడిమధ్యన థెస్సలీ మైదానం ఉంది, దాని పడమటి అంచున త్రికల అనే పట్టణం, అక్కడి నుంచి పైకి పిండోస్ పర్వతాలు. 1980 నుంచి ఒక కుటుంబం వారానికోసారి త్రికలలో ట్రక్కు నింపుకొని ఆ కొండ ఊళ్లకు బయలుదేరుతుంది. భర్త, భార్య, ఇద్దరు కొడుకులు. మనావిస్ అంటే కూరగాయలు, పండ్లు అమ్మేవాడు. మాట తుర్కీ నుంచి వచ్చింది. బండి ఊళ్లో ఆగుతుంది, చేతికర్ర ఊతంతో నలుగురైదుగురు వస్తారు, కొనుక్కుంటారు, మాట్లాడుకుంటారు, బండి తరువాతి ఊరికి కదులుతుంది. నాలుగు ఋతువుల పాటు ఇదే. కథ అని చెప్పుకోవడానికి ఇంతకు మించి ఏమీ లేదు.

ఆ ఊళ్లలో అంత తక్కువ మంది ఎందుకున్నారో తెలిస్తే బండి విలువ అర్థమవుతుంది. 1946 నుంచి 1949 వరకు సాగిన అంతర్యుద్ధంలో గ్రీకు పర్వత గ్రామాలను సైన్యం పెద్దఎత్తున ఖాళీ చేయించింది, తిరిగివచ్చిన వాళ్లలోనూ ఎందరో నిలదొక్కుకోలేకపోయారు. 1960లో పశ్చిమ జర్మనీతో కూలీల ఒప్పందం కుదిరాక కుర్రకారు అక్కడి కర్మాగారాల దారి పట్టింది, మిగిలినవాళ్లు ఏథెన్సుకు, మైదానపు పట్టణాలకు దిగిపోయారు. బడి మూతపడింది, ఆ తరువాత అంగడి మూతపడింది. కాబట్టి వారానికోసారి వచ్చే ఆ ట్రక్కు కూరగాయల బండి మాత్రమే కాదు. అదే దుకాణం, అదే ఉత్తరం, పక్క ఊళ్లో ఎవరు మంచాన పడ్డారో తెలిపే మనిషీ అదే.

ఇప్పుడు ఆ దృశ్యాన్ని కెమెరా పట్టుకున్న వాడి కళ్లతో చూడండి. వారం రోజులుగా ఎదురుచూసిన బండి ముందు ఒక ముసలావిడ నిలబడి ఉంది. టమాటాలు మెత్తబడ్డాయా, తక్కెడ సరిగ్గా తూగుతోందా, ఇచ్చిన చిల్లర సరిపోయిందా, పక్కింటావిడ ఈ వారం ఎందుకు రాలేదు, ఇన్ని ఆలోచనలు ఆమె తలలో ఉన్నాయి. వీటి తరువాత కదా కెమెరా వంతు? పైగా కెమెరా మనిషి అక్కడ ఎందుకున్నాడో ఎవరికీ విడిగా చెప్పనక్కర్లేదు, బండితో వచ్చాడు, బండితో వెళతాడు. ముప్పై ఏళ్లకు పైగా ఆ కుటుంబం సంపాదించుకున్న నమ్మకంలో అతనికీ కొంత వాటా దక్కింది. గ్రామీణ జీవితాన్ని గమనిస్తాను అంటూ ఊరి మధ్య నిలబడిన వాడికి ఇవేవీ దక్కవు. అతన్ని ఊరే గమనిస్తుంది.

ఇది నాకు పుస్తకాల వల్ల తెలియలేదు. నేను ఇరవై రెండేళ్లుగా డాక్యుమెంటరీలకు శబ్దం రికార్డు చేస్తూ, ఎడిటింగ్ చేస్తూ, వీలు కుదిరినప్పుడు సొంతంగా తీస్తూ ఉన్నాను. మొదటి సొంత ప్రయత్నంలో ఒక మెట్ట ఊరికి మూడుకాళ్ల స్టాండు, రెండు లైట్లు, నలుగురు మనుషులతో వెళ్లాను. మేము వస్తున్నామని ముందే తెలిసి, నేను తీయాలనుకున్న పెద్దావిడ పెళ్లిళ్లకు కట్టుకునే పట్టుచీర కట్టుకొని, అరుగు మీద చేతులు ఒడిలో పెట్టుకొని, పాస్‌పోర్టు ఫొటోకు కూర్చున్నట్టు కూర్చుంది. ‘పూర్వం రోజులు ఎలా ఉండేవి?’ అని అడిగితే ‘బాగుండేవి బాబూ’ అంది. ఇంకొంచెం వివరంగా చెప్పమంటే ‘చాలా బాగుండేవి’ అంది. మూడు రోజుల తరువాత సామాను సర్దుకుంటున్నప్పుడు, మేము తినకుండా వెళ్తున్నామని కోడలిని కేకలేస్తూ ఆవిడ మాట్లాడిన పది నిమిషాల మాటల్లో ఆ ఇంటి చరిత్ర అంతా ఉంది. అప్పటికి కెమెరా పెట్టెలో ఉంది.

కొన్నేళ్ల తరువాత మరో ఊళ్లో పాల కేంద్రం దగ్గర తీశాను. తెల్లవారుజామున అయిదున్నరకు క్యాన్లతో, స్టీలు గిన్నెలతో జనం వరుసకట్టేవారు. పాలు పోయించుకునే అబ్బాయి గరిటెతో కలిపి, చిన్న సీసాలోకి శాంపిల్ తీసి మిషన్ కింద పెట్టేవాడు. ఆ కొద్ది సెకన్లలో వరుసలోని ప్రతి కన్నూ ఎర్ర అంకెల మీదే ఉండేది. ఫ్యాట్ ఆరు దాటిందా, అయిదున్నర దగ్గర ఆగిందా అన్నది ఆ పూట డబ్బుల లెక్క. నేను మిషన్‌కు ఎదురుగా రెండడుగుల దూరంలో నిలబడ్డా మొదటి రోజు నవ్వులు, రెండో రోజు ఒకటి రెండు చూపులు, మూడో రోజు నుంచి ఏమీ లేవు. అక్కడికి ఒక ముసలాయన రోజూ వచ్చేవాడు. ఆయన గేదె వట్టిపోయి రెండు నెలలైందని, ఆయన చేతిలో క్యాను లేదన్న సంగతి నేను గుర్తించేసరికి వారం పట్టింది. వరుస పక్కన నిలబడి, అందరి రీడింగులూ విని, ‘నీళ్లు కలిపావురా’ అని ఒకరిద్దరిని ఆటపట్టించి, వెళ్లిపోయేవాడు. ఆ సినిమా చివరికి ఆయన గురించే అయింది. ఇంటికెళ్లి ‘ఒంటరితనం గురించి చెప్పండి’ అని అడిగి ఉంటే ఆయన నన్ను గేటు దాకా సాగనంపేవాడు.

కాబట్టి ముందు మీ ఊళ్లో అలాంటి బండి ఏదో వెతకండి. అది రేషన్ ఇచ్చే రోజు కావచ్చు, పింఛన్ల రోజు కావచ్చు, రేవు దగ్గర పడవ ఎక్కే చోటు కావచ్చు, వారపు సంత కావచ్చు. మనుషులు తమంతట తాము పదే పదే వచ్చేదై ఉండాలి, మీరు పిలిస్తే వచ్చేది కాకూడదు. వచ్చినవాళ్లు పని అయ్యాక కూడా కాసేపు అక్కడే తచ్చాడాలి. ఆ తచ్చాడటంలోనే మీకు కావలసినది దొరుకుతుంది.

రెండో విషయం, నా దృష్టిలో దీనికంటే పెద్దది. కుత్సియాబసాకోస్ ఆ కొండలకు కొత్తవాడు కాదు. మాస్కోలోని ప్రసిద్ధ సినిమా విద్యాలయం వీజీఐకేలో చదువుకున్నా, ఆయన మూలాలు త్రికల ప్రాంతంలోనే ఉన్నాయి. 1997లోనే ఆయన ‘హెరాక్లెస్, అహెలోస్, మా యయా’ అన్న అర్థం వచ్చే పేరుతో ఒక డాక్యుమెంటరీ తీశాడు. గ్రీకులో యయా అంటే అమ్మమ్మ అయినా కావచ్చు, నాయనమ్మ అయినా కావచ్చు, మనకున్నట్టు రెండు మాటలు లేవు. అహెలోస్ నది ఒడ్డున అర్మతోలికో అనే చిన్న ఊరు, అక్కడ ఆ పెద్దావిడ, ఆ నది మీద కడుతున్న ఆనకట్ట వల్ల ముంపు ముప్పు. మీరు తీయాలనుకుంటున్న సినిమాకు ‘మనావిస్’ కంటే ఇది దగ్గరి చుట్టం, వీలైతే సంపాదించి చూడండి. నేను చెప్పదలచుకున్నది ఏమిటంటే, అమ్మమ్మ సినిమాకూ కూరగాయల బండి సినిమాకూ మధ్య పదహారేళ్లు గడిచాయి. ‘మనావిస్’లో మీరు చూసిన ఆ చనువు షూటింగు మొదటి రోజున పుట్టింది కాదు. మీకు కూడా అమ్మమ్మగారి మనవడిగానో మనవరాలిగానో ఆ చనువులో కొంత ముందే ఉంది. పెద్ద కెమెరాతో, అయిదుగురు స్నేహితులతో దిగి దాన్ని పాడుచేసుకోకండి. ఇద్దరు చాలు, ఒకరు బొమ్మకు, ఒకరు శబ్దానికి.

ఇక సంక్రాంతి మాట. గ్రీసులో ఆగస్టు 15న మరియమాత పండుగ. పిండోస్ ఊళ్లకు ఏథెన్సు నుంచి, జర్మనీ నుంచి పిల్లాపాపలతో జనం దిగుతారు. ఊరి నడుమ పెద్ద చెట్టు కింద బల్లలు వేస్తారు, క్లారినెట్ మోగుతుంది, రాత్రంతా గుండ్రంగా చేతులు పట్టుకొని ఆడతారు. ఆ వారం మాత్రమే తీసినవాడు ఊరు కళకళలాడుతోందని నమ్మి తిరిగివస్తాడు. జనవరి మంచులో అదే చెట్టు కింద కుక్క కూడా ఉండదు. బండి వెంట ఏడాది పొడుగునా వెళ్లినవాడికే ఈ రెండు ఊళ్లూ ఒకటేనని తెలుస్తుంది, ఏ వ్యాఖ్యానమూ చెప్పకుండానే చూసేవాడికీ తెలుస్తుంది. ఋతువుల నిర్మాణం అందం కోసం పెట్టుకున్నది అనుకుంటారు చాలామంది. కాదు, అది వాదన. మీరు సంక్రాంతికి వెళితే మీకు కనిపించేది మీ అమ్మమ్మ ఊరు కాదు, కూకట్‌పల్లి నుంచి మూడు రోజుల సెలవు మీద వచ్చిన ఊరు. అందుకని సంక్రాంతికి రెండు రోజులు, నడివేసవిలో రెండు రోజులు, గోదావరికి ఎర్రనీరు వచ్చే వానాకాలంలో మూడు రోజులు, కార్తీకంలో మూడు రోజులు వెళ్లండి. ఖర్చు కొంచెమే పెరుగుతుంది. మొదటి విడత తీసింది రెండో విడతలో వాళ్లకే ఫోనులో చూపించండి. అప్పటి నుంచి మీరు చుట్టపుచూపుగా వచ్చినవారు కారు.

ఇక్కడ ఒక హెచ్చరిక. వ్యాఖ్యానం, ఇంటర్వ్యూలు లేకుండా ఊరికే గమనిస్తూ తీసే ఈ పద్ధతిని కొందరు మతంలా పాటిస్తారు. 1960 ప్రాంతంలో భుజాన మోయగల 16 ఎం.ఎం. కెమెరాలు, వాటితో జతగా నడిచే టేపు రికార్డర్లు వచ్చాక అమెరికాలో ఈ పద్ధతి బలపడింది, అప్పటి నుంచే ‘గోడ మీద ఈగలా ఉండాలి’ అన్న మాట ప్రచారంలోకి వచ్చింది. మన దేశంలో దెహ్రాదూన్‌లోని డూన్ స్కూలు పిల్లలపై తరువాతి కాలంలో ఏళ్ల తరబడి సినిమాలు తీసిన డేవిడ్ మెక్‌డూగల్, 1970ల మధ్యలోనే దీన్ని ప్రశ్నించాడు. కెమెరా వెనక మనిషి లేనట్టు నటించడం వల్ల సినిమాకు నష్టమే తప్ప లాభం లేదన్నది ఆయన వాదన. నేను ఆయన పక్షం. ఎవరైనా మీతో మాట్లాడితే మాట్లాడండి. మీ గొంతు పడితే పడనివ్వండి. మీరు అడిగే ప్రశ్న చేతిలో ఉన్న పనిని ఆపేలా ఉండకూడదు, అంతవరకే నియమం. ‘వంకాయ ఈ వారం ఎందుకంత ముదిరింది?’ అన్నది ప్రశ్న. ‘గ్రామాల భవిష్యత్తుపై మీ అభిప్రాయం?’ అన్నది ప్రశ్న కాదు, శిక్ష.

మరో పరిమితి మీ విషయంలో ముఖ్యమైనది. కళ్ల ముందు ఉన్నదాన్ని మాత్రమే కెమెరా పట్టుకోగలదు, రాబోయే నీళ్లను పట్టుకోలేదు. అదే అహెలోస్ నది మీద మెసోహోరాలో 150 మీటర్ల ఎత్తున ఆనకట్ట కట్టడం 2001లో పూర్తయింది. కానీ గ్రీసు అత్యున్నత పాలనా న్యాయస్థానం తీర్పుల వల్ల ఏళ్ల తరబడి అందులో నీళ్లు నింపలేదు. కట్టిన గోడ ఉంది, జలాశయం లేదు, ఊరు ఉంది, ఉంటుందో ఉండదో తెలియదు. ఇలాంటి అనిశ్చితిని కేవలం చూస్తూ ఎలా చూపిస్తారు? కుత్సియాబసాకోస్ పేరులోనే పురాణాన్ని తెచ్చుకున్నాడు. గ్రీకు పురాణంలో అహెలోస్ నది ఒక దేవుడు, హెరాక్లెస్ అతనితో పెనుగులాడి కొమ్ము విరిచాడు. నదితో మనిషి పోరు అన్నది అక్కడివారికి ఎవరూ విడమరచనక్కర్లేని సంగతి. మీకు పురాణం అవసరం లేదనుకుంటాను. ముంపు మండలాల్లో 41.15, 45.72 మీటర్లు అన్న రెండు కాంటూరు అంకెల (నీళ్లు ఎంత ఎత్తుకు నిలిస్తే ఏ ఇళ్లు మునుగుతాయో చెప్పే గీతల) గురించి మాట్లాడుకోని ఇల్లు ఉండదు. మా ఇల్లు ఏ అంకె లోపల, వాళ్ల ఇల్లు ఏ అంకె బయట అని టీ కొట్టు దగ్గర జరిగే మాటలు ఒక్కసారి దొరికితే, పది నిమిషాల వ్యాఖ్యానం చేసే పని అవి చేస్తాయి. వాటి కోసం కాచుకోండి, అడిగి చెప్పించకండి.

సాంకేతిక విషయాలు తొందరగా చెప్పేస్తాను. జూమ్‌తో దూరం నుంచి దొంగచాటుగా తీయవద్దు, అలా తీసిన బొమ్మ చూస్తే అలాగే తెలిసిపోతుంది. కంటి చూపుకు దగ్గరగా ఉండే ఒకే లెన్సు పెట్టుకొని, చేయి చాస్తే తగిలేంత దూరంలో నిలబడండి. పని నడిపించే మనిషికి, అంటే బండివాడికి లేదా రేషన్ ఇచ్చే ఆమెకు, కాలర్ మైకు పెట్టండి. వచ్చేవాళ్లందరూ ఆ మనిషితోనే మాట్లాడతారు గనుక అందరి మాటలూ అందులో పడతాయి. గ్రీసులో ఊళ్లు తిరిగే అమ్మకపు బండ్లకు లౌడ్‌స్పీకర్ ఉండటం మామూలే. ఆ కేక ముందు కొండ మలుపు అవతల నుంచి వినిపించాలి, బండి తరువాత కనిపించాలి. అందుకని పని మొదలవడానికి పావుగంట ముందు, ముగిశాక పావుగంట తరువాత రికార్డింగ్ ఆపకండి. నేను ఎడిటింగ్ చేసిన సినిమాల్లో బాగా పండిన సన్నివేశాల్లో సగం, కెమెరామన్ ‘అయిపోయింది’ అనుకున్నాక కూడా ఆపడం మరిచిపోయినవే.

అనుమతి ఒక్కసారి అడిగితే సరిపోదు. ఇది నా తప్పు వల్ల నేర్చుకున్నాను. ఒక ఊరి కిరాణా కొట్టులో తీస్తూ, కొట్టాయన ఖాతా పుస్తకం తిప్పుతున్న దృశ్యం బాగుందని మూడు సెకన్లు దగ్గరగా ఉంచాను. కొట్టాయన అనుమతి ఉంది, పుస్తకంలో పేర్లున్నవాళ్ల అనుమతి లేదన్న ఆలోచనే నాకు రాలేదు. రామాలయం ముందు తెల్లగుడ్డ కట్టి ఆ సినిమా వేసి చూపించిన రాత్రి, ఒక ఇంటి పేరు, పక్కన బాకీ మొత్తం, తెర మీద అంత పెద్ద అక్షరాల్లో పడ్డాయి. ఆ ఇంట్లో అమ్మాయికి అప్పుడే సంబంధం మాట్లాడుతున్నారు. సినిమా ఆపించి, ఆ తండ్రి నా దగ్గరికి వచ్చి, అరవలేదు, ‘మా అప్పు మాకు తెలుసు కదయ్యా, ఊరందరికీ ఎందుకు?’ అని మాత్రం అన్నాడు. ఆ దృశ్యం తీసేశాను. కానీ ఆ రాత్రి చూసినవాళ్లు చూశారు. మనుషులు తమ పనిలో మునిగి కెమెరాను లెక్కచేయని క్షణంలోనే మనకు మంచి దృశ్యం దొరుకుతుంది, వాళ్లు తమను తాము కాచుకోని క్షణమూ అదే. కాబట్టి ఎడిటింగ్ పూర్తయ్యే ముందే అందులో కనిపించే ప్రతివారికీ వారి భాగం చూపించండి, తీసేయమంటే మారుమాట లేకుండా తీసేయండి. బయట ఎక్కడ చూపించినా, మొదటి ప్రదర్శన ఆ ఊళ్లోనే పెట్టండి.

మీ మూడో ప్రశ్న మిగిలింది. అమ్మమ్మగారికి కెమెరా వైపు చూడవద్దని చెప్పకండి. చెప్పిన క్షణం నుంచి ఆవిడకు అది తప్ప మరొకటి గుర్తుండదు, పక్కకు చూస్తూ బిగుసుకుపోతారు. చూస్తే చూడనివ్వండి. ఆవిడ కెమెరాను చూడరు, దాని వెనక ఉన్న మిమ్మల్ని చూస్తారు, ఆ తేడా తెర మీద స్పష్టంగా కనిపిస్తుంది. పాల కేంద్రం సినిమాలో ఒక ఉదయం, పాలు పోసి వెనుతిరిగిన ఒకావిడ నేరుగా లెన్సులోకి చూసి ‘పొద్దున్నుంచీ నిలబడ్డావు, టీ అయినా తాగావా?’ అంది. కట్ చేద్దామని మా ఎడిటర్ మిత్రుడు మూడుసార్లు అన్నాడు. మూడుసార్లూ ఉంచాను.